స్నూకర్ టేబుల్ దగ్గర మాటలు: కొత్తగా క్యూ కర్ర పట్టేవాళ్లకి ఒక మార్కర్ చెప్పేది

నారాయణగూడలో ఒక స్నూకర్ పార్లర్‌లో నేను మార్కర్‌ని. బంతులు పేర్చేది, స్కోరు పెట్టేది, టేబుల్‌కి బ్రష్ కొట్టేది, గొడవైతే తీర్పు చెప్పేది అంతా నేనే. మా దగ్గరికి కొత్తగా వచ్చేవాళ్లు ఎక్కువ మంది చుట్టుపక్కల కాలేజీలు, కోచింగ్ సెంటర్ల పిల్లలు. వాళ్లకి ఆట కంటే మాటలతోనే ముందు ఇబ్బంది. పక్క టేబుల్ నుంచి ఎవరో "పత్లా తీస్కో", "సైడ్ పెట్టకు", "హల్లూ హల్లూ" అంటుంటారు. వీళ్లు తెలిసినట్టు తలూపి బలంగా ఒకటి బాదేస్తారు. తెల్ల బంతి ఎగిరి కింద పడుతుంది.

రూల్స్ పుస్తకంలో ఉన్న వరుసలో ఈ మాటలు నేర్చుకోవద్దని చెప్తాను. మీ జేబుకి తగిలే వరుసలో నేర్చుకోండి. చాలా పార్లర్లలో ఓడినవాడే టేబుల్ డబ్బులు కడతాడు కాబట్టి లెక్క మాటలు ముందు. తర్వాత తెల్ల బంతి మాటలు. మిగతావి ఆడుతుంటే వాటంతటవే వస్తాయి.

లెక్కతో మొదలుపెడదాం. టేబుల్ మీద 22 బంతులు. ఒకటి తెల్లది, దాన్ని అందరూ వైట్ అంటారు, పుస్తకాల్లో క్యూ బాల్. 15 రెడ్లు, ఒక్కోటి 1 పాయింటు. మిగతా ఆరూ కలర్లు: ఎల్లో 2, గ్రీన్ 3, బ్రౌన్ 4, బ్లూ 5, పింక్ 6, బ్లాక్ 7. ఒక రెడ్ గుంతలో వేస్తే ఒక కలర్ వేసే హక్కు వస్తుంది. రెడ్లు ఉన్నంతసేపూ కలర్ మళ్లీ పైకి వచ్చి తన చుక్క మీద కూర్చుంటుంది. క్యారమ్స్ ఆడినవాళ్లకి ఇది తొందరగా ఎక్కుతుంది, క్వీన్ వేశాక కవర్ వెయ్యాలి కదా, దాన్నే ఆటంతా చేస్తున్నామనుకోండి.

ఆట మధ్యలో ఎక్కువ సార్లు వినపడే ప్రశ్న "టేబుల్ మీద ఎంతుంది?" అంటే ఇంకా ఎన్ని పాయింట్లు దొరుకుతాయి అని. ఉన్న రెడ్లని 8తో గుణించి 27 కలపండి. ఎనిమిదెందుకంటే ఒక రెడ్, దాని మీద ఒక బ్లాక్. 27 ఎందుకంటే చివర్లో ఆరు కలర్లూ వరుసగా వేస్తే అంత వస్తుంది. మూడు రెడ్లు ఉన్నాయంటే 51. అవతలివాడు 62, మీరు 8 మీద ఉన్నారనుకోండి. తేడా 54. ఉన్నవన్నీ వేసినా చాలదు. అప్పుడు "వీనికి స్నూకర్ కావాలె" అంటారు. అవతలివాడి దారికి బంతి అడ్డు పెట్టి ఫౌల్ చేయిస్తే తప్ప మీరు గెలవరని దానర్థం. ఈ లెక్క రాక, పోయిన ఫ్రేమ్‌ని, అంటే ఒక పూర్తి ఆటని, ఇంకో ఇరవై నిమిషాలు లాగి గంట డబ్బులు పెంచుకునేవాళ్లని రోజూ చూస్తాను. పూర్తి టేబుల్ మీద ఈ లెక్క వేస్తే 147 వస్తుంది, అదే మాక్సిమమ్. 1997లో ఇంగ్లండ్ ఆటగాడు రోనీ ఓ'సల్లివన్ ప్రపంచ ఛాంపియన్‌షిప్‌లో దాన్ని ఐదున్నర నిమిషాల్లోపు ముగించాడు. మా దగ్గర ఆ టైములో కొందరు క్యూ కొనకి చాక్ పూయడం కూడా పూర్తి చెయ్యరు.

ఫౌల్ అంటే కనీసం 4, అది అవతలివాడికి పోతుంది. బ్లూ, పింక్, బ్లాక్‌లతో సంబంధం ఉన్న ఫౌల్ అయితే 5, 6, 7. రెడ్ కొట్టాల్సినప్పుడు వైట్ వెళ్లి ముందు బ్లాక్‌కి తగిలిందంటే ఏడు పోయినట్టే. "నాలుగే కదా" అని వాదించకండి. చొక్కా చెయ్యి బంతికి తగిలినా ఫౌలే. వదులు చొక్కాలతో వచ్చేవాళ్లు చేతులు మడుచుకుంటే మంచిది.

వైట్ గుంతలో పడితే ఇన్-ఆఫ్. స్నూకర్‌లో అది ఫౌల్. కానీ బిలియర్డ్స్‌లో, అంటే మూడే బంతులతో ఆడే పాత ఆటలో, ఇన్-ఆఫ్‌కి పాయింట్లు ఇస్తారు: రెడ్‌కి తగిలి పడితే 3, అవతలివాడి బంతికి తగిలి పడితే 2. మీ బంతి మిగతా రెండిటికీ తగిలితే కెనన్, దానికీ 2. ఫలక్‌నుమా ప్యాలెస్‌కి వెళ్లినవాళ్లు అక్కడి బిలియర్డ్స్ గది చూసే ఉంటారు, ఆ రోజుల్లో ఈ మాటలు నడిచింది అలాంటి గదుల్లోనే. మా పార్లర్‌లో ఇప్పుడు బిలియర్డ్స్ అడిగేది పెద్దవాళ్లే, అదీ అరుదుగా. కెనన్ అనే మాట మాత్రం స్నూకర్‌లోకి వచ్చి నిలిచిపోయింది. వైట్ ఒక బంతిని కొట్టాక ఇంకోదాన్ని కదిపితే మేమూ కెనన్ అనే అంటాం.

బ్రేక్ అనే మాట దగ్గర చాలామంది తికమకపడతారు. పూల్ ఆట నుంచి వచ్చినవాళ్లకి బ్రేక్ అంటే మొదటి దెబ్బ, బంతుల్ని చెదరగొట్టడం. స్నూకర్‌లో మొదటి దెబ్బని బ్రేక్-ఆఫ్ అంటారు. ఉట్టి బ్రేక్ అంటే ఒకే వంతులో ఆగకుండా చేసిన పాయింట్లు. "నీ హయ్యెస్ట్ బ్రేక్ ఎంత?" అని ఎవరైనా అడిగితే మొత్తం ఫ్రేమ్ స్కోరు చెప్పకండి, నవ్వుతారు.

ఇక తెల్ల బంతి. నన్నడిగితే అసలు ఆటంతా దీని భాషలోనే ఉంది. రంగు బంతిని గుంతలో వెయ్యడం ఎవరైనా కొన్నాళ్లకి నేర్చుకుంటారు. వేశాక వైట్ ఎక్కడ ఆగాలో చెప్పే మాటలు వచ్చినవాడే రెండో బంతి వేస్తాడు. ఆ ఆగే చోటుని పొజిషన్ అంటారు.

వైట్‌ని గడియారం ముఖంలా కాకుండా ఐదు చుక్కలుగా గుర్తుపెట్టుకోండి: నడుమ, పైన, కింద, కుడి, ఎడమ. పైన కొడితే టాప్ లేక ఫాలో, తగిలిన తర్వాత కూడా వైట్ ముందుకే పోతుంది. కింద కొడితే స్క్రూ, వెనక్కి వస్తుంది. మా కుర్రాళ్లు దీన్ని బ్యాక్ అనీ బ్యాక్ స్పిన్ అనీ అంటారు. నడుమకి కొంచెం దిగువన కొట్టి, తగిలే క్షణానికి వైట్ దొర్లకుండా జారుతూ ఉండేలా చేస్తే అది స్టన్. నిండుగా తగిలితే అక్కడే ఆగిపోతుంది. కోణంలో తగిలితే రంగు బంతి పోయే గీతకి సరిగ్గా అడ్డంగా పక్కకి పోతుంది. ఈ చివరి ముక్క అర్థమైన రోజు నుంచి ఇన్-ఆఫ్‌లు సగానికి తగ్గుతాయి, ఎందుకంటే వైట్ ఎటు పోతుందో కొట్టకముందే మీకు తెలుస్తుంది.

కుడి, ఎడమ కొడితే సైడ్. దీని పని ఎక్కువగా కుషన్‌కి, అంటే టేబుల్ అంచు గోడకి, తగిలాక కనపడుతుంది, వైట్ కుషన్ నుంచి తిరిగే కోణం మారుతుంది. కొత్తవాళ్లకి సైడ్ మీద మహా మోజు, వీడియోల్లో బాగుంటుంది కదా. మొదటి కొన్ని నెలలు దాన్ని ముట్టుకోవద్దు. సైడ్ పెడితే వైట్ మీరు చూసిన గీత మీద పోదు, కొంచెం పక్కకి నెట్టుకుంటుంది. ఆ కొంచెం తేడాకే బంతి గుంత అంచుకి తగిలి బయటే ఉండిపోతుంది. పైగా స్నూకర్ బట్టకి నూగు ఉంటుంది, అది బాక్ వైపు నుంచి బ్లాక్ వైపుకి పడుకుని ఉంటుంది. నేను బ్రష్ ఎప్పుడూ అటువైపే లాగేది అందుకే. నూగుకి ఎదురుగా మెల్లగా, సైడ్‌తో కొట్టారంటే బంతి ఎటు ఒరుగుతుందో అనుభవం ఉన్నవాళ్లే చెప్పాలి.

బాక్ అన్నాను కదా. టేబుల్‌కి అడ్డంగా గీసిన గీత ఉన్న వైపు అది. ఆ గీత మీద సగం గుండ్రం డీ, వైట్ గుంతలో పడి చేతికొస్తే దానిలోంచే పెట్టి కొట్టాలి. గీత మీద బంతులు అటునుంచి చూస్తే ఎడమ నుంచి గ్రీన్, బ్రౌన్, ఎల్లో. ఇంగ్లిష్‌లో "గాడ్ బ్లెస్ యూ" మొదటి అక్షరాలు గుర్తుపెట్టుకుంటే తప్పుపోదు. పేర్చేటప్పుడు నాకు సాయం చేస్తామని వచ్చి గ్రీన్‌నీ ఎల్లోనీ తారుమారు చేసేవాళ్లే ఎక్కువ.

మందం మాటలు మన ఊరివి. పత్లా అంటే రంగు బంతి అంచుకి పలచగా తగిలించడం, మోటా అంటే నిండుగా. హల్లూ అంటే మెల్లగా, జోర్ అంటే గట్టిగా. వీటి మధ్యలో హాఫ్ బాల్: క్యూ కొనని రంగు బంతి అంచుకి సూటిగా గురిపెట్టడం. అప్పుడు వైట్ దాన్ని సగం కప్పుతుంది, రంగు బంతి గురి గీతకి 30 డిగ్రీల కోణంలో బయల్దేరుతుంది. గురి పెట్టడానికి ఖాయంగా ఒక చోటు దొరికేది దీనిలోనే, అందుకని ముందు హాఫ్ బాల్ సాధన చెయ్యండి. తర్వాత ఎవరైనా "జర పత్లా" అంటే ఆ హాఫ్ బాల్ నుంచి ఎంత తగ్గించాలో చేతికి తెలుస్తుంది.

ఇప్పుడు ఒక పూర్తి వాక్యం చూద్దాం. మా దగ్గరికి రోజూ వచ్చే ఒక పెద్దాయన, అందరూ చాచా అంటారు, కుర్రాడి వెనక నిలబడి అంటాడు: "బ్లాక్ మోటా ఉంది బేటా, జోర్ నక్కో, స్టన్ మీద జర కింద, రెడ్ మీదికి రా." బ్లాక్ దాదాపు తిన్నగా ఉందని, కాబట్టి వైట్ పక్కకి ఎక్కువ పోదని మొదటి ముక్క. బలం వద్దని రెండోది. మామూలు స్టన్ కొడితే వైట్ అక్కడే ఆగిపోతుంది, తర్వాతి రెడ్ వెనక ఉంది గనక ఇంకాస్త కింద కొడితే ఒక జానెడు వెనక్కి వస్తుందని మూడోది. ఈ వాక్యంలో బ్లాక్‌ని ఎలా వెయ్యాలన్న ముక్కే లేదు చూడండి. అది ఎలాగూ పడుతుందని ఆయన లెక్క.

స్నూకర్ పడ్డది అంటే కొట్టాల్సిన బంతికి నేరుగా దారి లేకుండా వేరే బంతి అడ్డుగా ఉంది. ఆట పేరే ఇది. 1875లో జబల్‌పూర్‌లో నెవిల్ ఛాంబర్లీన్ అనే సైనికాధికారి దగ్గర మొదలై, ఊటీ క్లబ్‌లో రూల్స్ రాసుకున్న ఆట, మన దేశంలో పుట్టిందే. ఫౌల్ తర్వాత మీకు స్నూకర్ మిగిలిందంటే ఫ్రీ బాల్ అడగండి. రెడ్ కొట్టాల్సిన వంతైతే ఏ బంతినైనా రెడ్‌గా చెప్పి కొట్టొచ్చు, దానికి రెడ్ విలువే, 1. అడగకపోతే ఎవరూ ఇవ్వరు, ఫ్రెండ్లీ ఆటలో మరీను. మొదట్లోనే ఫ్రీ బాల్ దొరికితే కాగితం మీద 155 దాకా పోవచ్చు. మిస్ అనేది ఇంకో గొడవ: సరిగ్గా ప్రయత్నించకుండా తప్పించారని రిఫరీ అనుకుంటే, అవతలివాడు కోరితే బంతుల్ని మళ్లీ అదే చోట పెట్టి అదే దెబ్బ కొట్టిస్తాడు. పార్లర్లలో బంతులెక్కడున్నాయో ఎవరికీ గుర్తుండదు కాబట్టి, మిస్ ఉందా లేదా అన్నది బ్రేక్-ఆఫ్‌కి ముందే మాట్లాడుకోండి.

చిన్నచిన్నవి గబగబా. రెండు బంతులు వరుసలో ఉండి మొదటిదాన్ని కొడితే రెండోది పడడం ప్లాంట్, పూల్‌లో కాంబినేషన్. కుషన్‌కి తగిలించి వెయ్యడం డబుల్, పూల్‌లో బ్యాంక్. వైట్ గుంతలో పడితే పూల్ వాళ్లు స్క్రాచ్ అంటారు. క్యూ కొన జారి టక్కుమని శబ్దం వస్తే మిస్‌క్యూ, చాక్ చాల్లేదని లేక మరీ అంచుకి కొట్టారని. చెయ్యి అందనప్పుడు వాడే కర్ర రెస్ట్, మధ్యలో బంతి అడ్డుంటే ఎత్తుగా కాళ్లున్నది స్పైడర్. "పెద్ద కర్ర ఇవ్వు అన్నా" అన్నా ఇస్తాను, పేరు చెప్పి అడిగితే సరైనది ఇస్తాను.

తుక్కా అంటే గాలివాటంగా పడ్డది, ఫ్లూక్. తుక్కా పడితే చెయ్యి కొంచెం ఎత్తి ఒప్పుకోవడం మర్యాద. అవతలివాడు తుక్కా వేస్తే మీరు గట్టిగా "తుక్కా!" అని అరవకండి. మంచి దెబ్బకి క్యూ అడుగుతో నేల మీద రెండుసార్లు తట్టినా, వేళ్లతో టేబుల్ చెక్క మీద తట్టినా చప్పట్లే. పందెం మాటలు కూడా బోలెడున్నాయి, అవి నేను నేర్పను.

చివరికి స్కోరు సమానమై, బ్లాక్ కూడా అయిపోతే ఫ్రేమ్ డ్రా కాదు. బ్లాక్‌ని మళ్లీ దాని చుక్క మీద పెడతాం, టాస్ వేస్తాం, గెలిచినవాడు ముందెవరు కొట్టాలో చెప్తాడు, వైట్ డీలోంచి. దీన్ని రీ-స్పాటెడ్ బ్లాక్ అంటారు. వేసినవాడు గెలిచాడు, ఫౌల్ చేసినవాడు ఓడిపోయాడు. ఆ టైములో పక్క టేబుళ్ల వాళ్లు కూడా వచ్చి మూగుతారు. గుంత వెనక, కొట్టేవాడి కంటికి ఎదురుగా మాత్రం నిలబడకండి.