జనం మధ్య మోనాలిసాను చూడటానికి సాలార్‌జంగ్‌లో సాధన

హైదరాబాదు నుంచి పారిస్ వెళ్లే మనవాళ్లలో చాలామంది లూవ్ర్ మ్యూజియంలో మోనాలిసా దాకా చేరుకుంటారు గానీ, తలల మీదుగా ఫోన్ ఎత్తి ఫోటో తీసుకునేసరికే వెనకవారికి చోటివ్వవలసి వస్తుంది. బొమ్మను కంటితో చూసే తీరిక చిక్కదు. ఆ కొద్ది క్షణాలు చేజారకూడదంటే, సాధన ఇక్కడే, మూసీ ఒడ్డున ఉన్న సాలార్‌జంగ్ మ్యూజియంలో మొదలుపెట్టాలని నా అభిప్రాయం.

శుక్రవారం అక్కడ సెలవు; రద్దీగా ఉండే ఆదివారమే వెళ్లండి. మొదటి సాలార్‌జంగ్ 1876లో ఇటలీలో కొన్న, శిల్పి బెంజోనీ చెక్కిన ‘ముసుగు రెబెక్కా’ విగ్రహం ముందు నిలబడి, పాలరాతి మేలిముసుగు ముఖం మీద ఎక్కడ అంటుకుని ఎక్కడ విడివడుతుందో ఒక్క నిమిషం గమనించి, కళ్లు మూసుకుని గుర్తు చేసుకోండి. తెరిచి చూడగానే మీరు వదిలేసినవేమిటో తెలుస్తాయి. రవివర్మ చిత్రాల దగ్గరా ఇలాగే, పక్కవారి భుజాల మధ్య నుంచి చూస్తూ, రెండు మూడుసార్లు చేస్తే కన్ను తొందరపడటం మానుతుంది.

లూవ్ర్‌కు మంగళవారం సెలవు. సమయం ఎంచుకుని టికెట్టు ముందే తీసుకోండి. ఉదయం 9 గంటలకు తలుపులు తెరవగానే గానీ, రాత్రి 9 దాకా తెరిచి ఉండే బుధ, శుక్రవారాల సాయంత్రాల్లో గానీ వెళ్లడం మేలు. దారిలో దేని దగ్గరా ఆగకుండా డెనాన్ విభాగం మొదటి అంతస్తులోని 711వ గదికి నేరుగా నడవండి. చిత్రం ఎత్తు 77, వెడల్పు 53 సెంటీమీటర్లే, అంటే మన ఇళ్లలో గోడకు వేలాడే పెద్ద క్యాలెండరంత. పైగా అద్దం వెనక ఉంటుంది. కాబట్టి దూరం నుంచే చూసి నిరాశపడకుండా, వరుసలో ఓపికగా ముందుకు సాగి, అడ్డుకమ్మీ దగ్గరికి చేరేదాకా ఫోన్‌ను జేబులోనే ఉంచండి.

అక్కడ ఏం చూడాలో ముందే అనుకుని ఉండటం అన్నిటికంటే ముఖ్యం. మొదట పెదవుల చివరలు చూడండి: గీత అన్నది లేకుండా, వెలుగు నీడలోకి పొగలా కరిగిపోయేలా డావిన్చి పలుచని రంగు పొరలు వేశాడు, నవ్వు ఉందో లేదో తేలకపోవడానికి కారణం అదే. తరువాత జుట్టు మీది సన్నని ముసుగు, రెబెక్కా దగ్గర సాధన చేసిన కన్ను దాన్ని ఇట్టే పట్టుకుంటుంది. చివరగా ఆమె వెనకనున్న ప్రకృతి దృశ్యం, అందులో ఎడమవైపుకన్నా కుడివైపు నీళ్లు ఎత్తులో కనిపిస్తాయి. ఈ మూడూ చూశాక ఫోటో తీసుకోవచ్చు.

బయటికి వచ్చేముందు వెనక్కి తిరగండి. దాదాపు పది మీటర్ల వెడల్పున్న చిత్రకారుడు వెరొనేసే వేసిన ‘కానా పెళ్లివిందు’ చిత్రం ఎదుటి గోడనంతా ఆక్రమించి ఉంటుంది. ఆ తరువాత పక్కనే ఉన్న గ్రాండ్ గ్యాలరీలో డావిన్చి వేసిన ఇతర చిత్రాల దగ్గర ఇంత తోపులాట ఉండదు. అక్కడ తీరిగ్గా, దగ్గరగా నిలబడి అదే పొగమంచు నీడను మళ్లీ చూడవచ్చు.