మధ్యంతర దరఖాస్తు తేలకుండా వాయిదాలు పడుతుంటే హైకోర్టును ఆశ్రయించే విధానం

స్థలం దావాలో ఇంజంక్షన్ (ఎదుటివారు ఫలానా పని చేయకుండా ఆపే కోర్టు ఉత్తర్వు) కోసమో, స్థలాన్ని చూసి నివేదిక ఇచ్చే కమిషనర్‌ను నియమించమనో వేసిన మధ్యంతర దరఖాస్తు, అంటే దావా నడుస్తుండగా వేసే దరఖాస్తు, ఏళ్ల తరబడి తేలకపోయినా, ఒడిశాలోని పర్లాకిమిడి, గుణుపురం, రాయగడ, బరంపురం ప్రాంతాల తెలుగువారు చాలామంది వాయిదాలకు తిరగడం తప్ప దారి లేదనుకుంటారు. దారి ఉంది. రాజ్యాంగంలోని 227వ అధికరణం కటక్‌లోని ఒరిస్సా హైకోర్టుకు కింది కోర్టులపై పర్యవేక్షణాధికారం ఇచ్చింది. ఫలానా దరఖాస్తును త్వరగా విచారించి తేల్చాలని కింది కోర్టును ఆదేశించమని దాని కింద కోరవచ్చు.

అయితే ఆలస్యమైందన్న ఒక్క మాట సరిపోదు. ఇతర కోర్టుల్లోని కేసులకు గడువులు విధించడం మామూలుగా తగదనీ, అసాధారణ పరిస్థితుల్లోనే అలా చేయాలనీ సుప్రీంకోర్టు రాజ్యాంగ ధర్మాసనం 2024 ఫిబ్రవరి 29న చెప్పింది. కాబట్టి మీ కేసులోని అత్యవసరమేమిటో పిటిషన్ మొదటి పేజీల్లోనే కనిపించాలి: వివాదంలో ఉన్న స్థలంలో గోడలు లేస్తున్నాయా, కక్షిదారు వృద్ధులా, చట్టమే ఒక గడువు చెప్పిందా? అవతలి పక్షాన్ని వినకుండా ఇచ్చిన ఇంజంక్షన్‌పై దరఖాస్తును 30 రోజుల్లో ముగించడానికి కోర్టు ప్రయత్నించాలని సివిల్ ప్రొసీజర్ కోడ్ 39వ ఆర్డర్, 3ఏ నిబంధన చెబుతోంది. హిందూ వివాహ చట్టం 24వ సెక్షన్ కింది మధ్యంతర భరణం దరఖాస్తును, వీలైనంతవరకు, నోటీసు అందిన 60 రోజుల్లో తేల్చాలి. ఇలాంటి నిబంధన మీకు వర్తిస్తే అదే మీకు అన్నిటికన్నా గట్టి ఆధారం.

కటక్ వెళ్లే ముందు, త్వరగా విచారించమని కింది కోర్టులోనే రాతపూర్వకంగా కోరండి. ఆ తర్వాత మొదటి రోజునుంచి ఆర్డర్ షీట్ (ప్రతి వాయిదా రోజున కోర్టు రాసే ఉత్తర్వుల పత్రం) సర్టిఫైడ్ నకలు, అంటే కోర్టు ధ్రువీకరించిన ప్రతి, తీసుకుని, ఏ వాయిదా ఎవరి కోరికపై పడిందో తేదీల వారీగా పట్టిక రాయండి. అందులో మీరు అడిగిన వాయిదాలుంటే దాచకండి, ఎందుకంటే అవి ఆర్డర్ షీట్‌లోనే కనిపిస్తాయి. నా దృష్టిలో పిటిషన్‌కు ప్రాణం ఈ పట్టికే. జడ్జి పోస్టు ఖాళీగా ఉండడమే ఆలస్యానికి కారణమైతే మాత్రం, ముందుగా జిల్లా జడ్జికి వినతి ఇవ్వడం మేలు.

మన ప్రాంతానికి ప్రత్యేకమైన చిక్కు మరొకటి ఉంది. 1936 ఏప్రిల్ 1న ఒడిశా ఏర్పడేవరకు ఈ తాలూకాలు మద్రాసు ప్రెసిడెన్సీలో ఉండేవి గనుక, పాత దస్తావేజులు చాలా ఇళ్లలో తెలుగులోనే ఉన్నాయి. హైకోర్టులో దాఖలు చేసే ఇలాంటి పత్రాలకు ఇంగ్లీషు అనువాదం జతచేయాలి. ఆ పాత రాతను చదవగలిగినవారు ఇప్పుడు అరుదు కాబట్టి, వకీలును కలవకముందే అనువాదం పని మొదలుపెట్టండి.

పిటిషన్ చివర ఏం కావాలో కోరే భాగాన్ని ప్రార్థన అంటారు. అందులో ఒక్కటే కోరండి: ఫలానా నంబరు దరఖాస్తును ఇరుపక్షాలనూ విని, చట్టప్రకారం త్వరగా తేల్చాలని. ఇంజంక్షన్ కూడా ఇప్పించమంటే పిటిషన్ స్వరూపమే మారిపోతుంది, అది ఎదుటివారి అభ్యంతరాలకు తావిస్తుంది. ఖర్చు భరించలేని పేదలు, అలాగే ఆదాయంతో నిమిత్తం లేకుండా మహిళలు, షెడ్యూల్డ్ కులాలు, తెగలవారు ఉచిత న్యాయ సహాయం కోసం 15100 నంబరుకు ఫోన్ చేయవచ్చు.

ఆదేశం వచ్చాక, అది దానంతటదే కింది కోర్టుకు చేరుతుందని ఎదురుచూడకుండా, సర్టిఫైడ్ నకలును మెమోతో (చిన్న రాతపూర్వక వినతితో) అక్కడ దాఖలు చేయండి. విచారణ రోజుకు మీ పత్రాలు, వాదన సిద్ధంగా ఉండాలి. ఆ రోజు మీ పక్షమే వాయిదా అడిగితే, గడువు పొడిగించమని కోరడానికి ఎదుటివారికి మీరే కారణం ఇచ్చినట్లవుతుంది.