కలుపుకు పోయేటప్పుడు రెండు గంపలు

మహారాష్ట్రలోని మా సిరోంచ దిక్కు వానలు పడ్డాక చేనికి కలుపుకు పోయిన మా నానమ్మ కొంగులో కూర లేకుండా ఇంటికి వచ్చేది కాదు. ఇప్పుడు అదే చేనికి గడ్డిమందు డబ్బా పోతోంది, కూర మాత్రం సంత నుంచి కొనుక్కొస్తున్నాం. ఇంకోపక్క మహారాష్ట్ర వ్యవసాయ శాఖే రానభాజీ, అంటే అడవికూరల, మహోత్సవాలు పెట్టి, మనం పీకి పారేసే ఆకుల్నే వండి చూపిస్తోంది. అందుకే ఈసారి రెండు గంపలు పట్టుకుపొండి.

మొదటిది ఇంటికి. గంగవాయిలి నేలను అంటుకుని పాకుతుంది, కాడ ఎర్రగా, ఆకు మందంగా ఉంటుంది. తుంచి చూడండి, పాలు కారితే అది గంగవాయిలి కాదు, వదిలేయండి. మరాఠీలో దీన్ని ఘోళ్ అంటారు. ఆకే పుల్లగా ఉంటుంది కాబట్టి పప్పులో చింతపండు తగ్గించుకోండి, కిడ్నీలో రాళ్లున్నవాళ్లు మాత్రం తినకండి. తంటెం, అదే మరాఠీలో తరోటా, పూత రాకముందే లేత ఆకు కోసి ఉడికించి, నీళ్లు పిండేసి వండుకోవాలి.

గునుగు సంగతి వేరు. లేతగా ఉంటే కూర, మరాఠీవాళ్ల కుర్డూ భాజీ ఇదే. పత్తి సాళ్లలో మొదటి రెండు నెలలు ఉంచొద్దు, పంట దెబ్బతింటుంది. గట్టు మీదది మాత్రం ముట్టకండి, బతుకమ్మకు గునుగు లేకపోతే ఎట్లా? పూలు కోసుకుంటే గింజ రాలడం కూడా తగ్గుతుంది.

రెండో గంప వయ్యారిభామకు. 1950ల్లో పుణెలో కనబడిన ఈ మొక్క ఇప్పుడు దేశమంతా ఉంది, మరాఠీలో గాజర్ గవత్ అంటే ఇదే. పశువులు ముట్టవు, మనకు దురద, ఆయాసం. నేల తడిగా ఉన్నప్పుడు, పువ్వు రాకముందే, చేతులకు గ్లౌజులు వేసుకుని వేరుతో సహా పీకండి. పూసినదాన్ని పెంటకుప్పలో వేయకండి, గింజలు ఎరువుతోపాటు మళ్లీ చేనికే వస్తాయి. తుంగను పైపైన కోస్తే లాభం లేదు, కింద గడ్డలు తవ్వి తీయాల్సిందే.

ఒక్కటి మాత్రం గట్టిగా చెప్తున్నా, మందు కొట్టిన పత్తిచేనులో కూర కోయకండి. 2017లో యవత్మాల్ జిల్లాలో పత్తికి మందు కొడుతూ విషమెక్కి రైతులు, కూలీలు చనిపోయారు, అలాంటి మందు పడ్డ ఆకు ఇంటికి తెస్తారా?

మొదటిసారి మాత్రం, కైకిలికి (కూలిపనికి) పోయే పెద్దమ్మనెవరినైనా వెంట తీసుకుపొండి. ఆమె చూపించిన ప్రతి ఆకునూ ఫోటో తీసి, తెలుగు పేరు పక్కనే మరాఠీ పేరు కూడా రాసుకోండి, సంతలో అమ్మాలన్నా ఆ పేరే కావాలి.