ఫాంటసీ కథలో ఉమ్మడి చూపును ఎలా అల్లాలి? జొన్నగిరి చేన్ల మీద ఒక పద్ధతి

పదిమందికి ఒకేసారి ఒకే దృశ్యం కనబడటం ఫాంటసీ రాసేవాళ్ళకు బాగా ఇష్టమైన సరుకు. చిక్కేమిటంటే, అది వచ్చిన పేజీలోనే చాలా కథలు చతికిలబడతాయి. అందరికీ అంతా కనబడిపోయాక ఇక ఒకరితో ఒకరికి పనేముంటుంది? అందుకే ఏం కనబడుతుందనేది తర్వాత, ఏం కనబడదనేది ముందు తేల్చుకోవాలి. కర్నూలు జిల్లా నేల మీద ఒకటి కట్టి చూద్దాం.

1. నేల దగ్గర మొదలుపెట్టండి

శాపాలు, మాంత్రికులు, తాళపత్రాలు పక్కన పెట్టండి. జనం ఇప్పటికే గుంపుగా ఒకేదాని కోసం కళ్ళు చించుకుని చూసే చోటు ఏదైనా ఉందా? ఉంది. తొలకరి పడగానే జొన్నగిరి, తుగ్గలి, మద్దికెర వైపు చేన్లలో వజ్రాల వేట మొదలవుతుంది. వాన పైమట్టిని కడిగేస్తే కింది రాళ్ళు తేలతాయి. చుట్టుపక్కల జిల్లాల నుంచీ కర్ణాటక నుంచీ జనం సద్ది కట్టుకుని వస్తారు. తల వంచుకుని రోజంతా నడుస్తారు. ఎండకు మెరిసే ప్రతి గాజుపెంకూ ఒక్క క్షణం వజ్రమే. నిజంగా దొరికిన రాయి గుట్టుచప్పుడు కాకుండా వ్యాపారి చేతికి పోతుంది. ఆశ, పోటీ, దాపరికం అన్నీ అక్కడే ఉన్నాయి. మీరు కలపాల్సింది ఒక్క కల్పన మాత్రమే.

ఆ కల్పన ఇది అనుకుందాం: మృగశిర కార్తెలో పడే మొదటి పదును వానకు, ఒకే చేనులో ఒట్టికాళ్ళతో నిలబడ్డ వాళ్ళందరికీ మట్టి కిందున్న ఒకే రాయి కనబడుతుంది. దాన్ని ఊళ్ళో ‘జాడ పడటం’ అంటారు.

2. హద్దులు గీయండి

గట్టు దాటితే జాడ లేదు. చెప్పులు వేసుకుంటే లేదు. మట్టి ఆరితే లేదు. గడువు ఎలా పెట్టాలో తోచకపోతే పక్కన నంద్యాల జిల్లాలోని సంగమేశ్వరం గుడిని తలచుకోండి. శ్రీశైలం జలాశయంలో నీళ్ళు తగ్గినప్పుడే అది బయటపడుతుంది, వరద రాగానే మళ్ళీ మునుగుతుంది. కథకు అంతకంటే మంచి గడియారం దొరకదు.

3. చూపులో లోటు పెట్టండి

అసలు పని ఇక్కడుంది. రాయి అందరికీ కనబడుతుంది, కానీ ఎవరికి వాళ్ళ చోటు నుంచి కాదు. తూర్పు గట్టు మీదున్న పిల్లకు, పడమర చింతచెట్టు కింద నిలబడి చూసినట్టు కనబడుతుంది. తను చూసింది ఎవరి చోటు నుంచో ఆ పిల్లకు తెలియదు. “ముందు తంగేడు పొద ఉంది, దాని వెనక విరిగిన గొర్రు ఉంది” అని బయటికి చెబితేనే, ఆ చోటు తమదని ఇంకెవరో గుర్తుపడతారు. ఇద్దరు నిజం చెప్పి, రెండు దిక్కులూ కలిసిన చోట తవ్వితే రాయి దొరుకుతుంది. ఒక్కరు అబద్ధమాడినా ఊరంతా తప్పుచోట గుంతలు తవ్వుకుంటుంది.

ఇప్పుడు చూపు ఒకటే అయినా మనుషులు మాట్లాడుకోక తప్పదు. బేరం, ప్రమాణం, మోసం వాటంతట అవే వస్తాయి.

పదునైన పాఠకుడు వెంటనే ఒక ప్రశ్న వేస్తాడు: రెండువందల మంది వస్తే అబద్ధం ఇట్టే బయటపడదా? నిజమే. కాబట్టి ఇంకో నియమం పెట్టండి. చేనులో మనుషులు పెరిగేకొద్దీ చూపు మసకబారుతుంది. కళ్ళు లేని మనిషికి జాడ పడుతుందా? పడుతుందంటాను నేను. చూపు చోటుది, కంటిది కాదు. మీరు ఇంకోలా అనుకోవచ్చు, కానీ కథ మొదలుపెట్టకముందే అనుకోండి.

4. దాని చుట్టూ ఊరిని కట్టండి

విత్తనం వేయాల్సిన చేనును జనం తొక్కేస్తుంటే రైతు ఊరుకోడు. ఒట్టికాలికి ఇంత అని వసూలు చేస్తాడు. నిజం చెప్పేవాళ్ళనే పేరున్న కుటుంబానికి గిరాకీ. కావాలని అబద్ధం చెప్పించే దళారీ ఒకడు ఉండనే ఉంటాడు. ఒకటి రెండు చాలు, సంత పెట్టకండి.

5. పాత ఆనవాలు ఒకటి

జొన్నగిరికి దగ్గర్లోని ఎర్రగుడిలో అశోకుడి శాసనాలున్నాయి, క్రీ.పూ. 3వ శతాబ్దం నాటివి. వాటిలో ఒకదానిలో కొన్ని పంక్తులు ఎడమ నుంచి కుడికీ, మరికొన్ని కుడి నుంచి ఎడమకీ, ఎద్దులు సాలు తిరిగినట్టు నడుస్తాయి. మీ లోకంలోనూ అలాంటి బండ ఒకటి పెట్టి, ఇద్దరు చెరోవైపు నుంచి చదివితేనే జాడ నియమం పూర్తిగా తెలిసేట్టు చేయొచ్చు. అశోకుడి నోట మాత్రం లేని మాట పెట్టకండి. ఇక్కడి పాఠకులు ఊరుకోరు.

6. మాటలు ఊరివే ఉంచండి

జాడ పడ్డవాళ్ళు ప్రవచనం చెప్పరు.

“జేజీ, నీకు యాడ కనపడింది?”

“నాకేం కనపడలేదు పో.”

“మరి కండ్లు మూసుకుంటివే?”

ముసలామె దాస్తోందని చెప్పడానికి ఇంకో వాక్యం అక్కర్లేదు. చూపును వర్ణిస్తూ పేజీ నింపాలనిపిస్తే, ఆ పేజీని ఇలాంటి తగువుకి ఇవ్వండి.

7. కాగితం మీద పరీక్షించండి

చేను బొమ్మ గీయండి. నలుగురిని నాలుగు చోట్ల పెట్టి, ఎవరి చోటు ఎవరికి కనబడిందో బాణాలు వేయండి. ఒక్కొక్కరు చూసింది రెండు వాక్యాల్లో రాసి, బాణాలు లేని బొమ్మతో పాటు స్నేహితుడికి ఇవ్వండి. నలుగురూ నిజం చెప్పినా అతను రాయిని పట్టలేకపోతే గుర్తులు చాల్లేదు, ఒక చెట్టో బావో కలపండి. ఒకరిది అబద్ధమైనా పట్టేస్తే గుర్తులు ఎక్కువయ్యాయి, ఒకటి తీసేయండి. ఆ లెక్క కుదిరాకే మొదటి అధ్యాయం రాయండి.