ఉద్దానం కిడ్నీ బొమ్మలో బాణాలు సరిచేసిన తీరు

శ్రీకాకుళం జిల్లా ఉద్దానం కిడ్నీ జబ్బు మీద టీవీ కార్యక్రమానికి వేసిన మొదటి బొమ్మలో బోరు నీళ్లు, ఎండలో పని, పురుగుమందులు, నొప్పి మాత్రలు నాలుగింటి నుంచీ మూత్రపిండానికి ఒకే రకం బాణాలు గీశాను. చూసినవాళ్లు "అయితే నీళ్లే కారణమన్నమాట" అని తేల్చేసుకున్నారు. తప్పు బాణానిదే. నిండు గీత కనిపిస్తే కన్ను దాన్ని రుజువుగా చదువుకుంటుంది. ఇక్కడి జబ్బుకు మూలకారణం ఇంకా తేలలేదు.

అందుకే అనుమానాలన్నిటికీ చుక్కల గీత, మధ్యలో ప్రశ్నగుర్తు పెట్టాను. నిండు గీత ఒక్కదానికే: ఈజీఎఫ్ఆర్ (మూత్రపిండాలు రక్తాన్ని వడకట్టే వేగానికి అంచనా) 60 కంటే తక్కువగా 3 నెలలకు పైగా ఉంటే దీర్ఘకాలిక కిడ్నీ జబ్బు అనే నిర్వచనానికి. కాలరేఖ మీద రెండు పరీక్షలను రెండు చుక్కలుగా చూపి, మధ్యలో "3 నెలలు" అని రాయాలి. ఇది వదిలేస్తే క్రియాటినిన్ (మూత్రపిండాలు వడకట్టాల్సిన, రక్తంలోని వ్యర్థం) ఒక్కసారి పెరిగినవాళ్లంతా హడలిపోతారు, అది చాలా అన్యాయం.

శాతాలకు గుండ్రటి చార్టు బదులు వరుసకు 10 చొప్పున 100 మనిషి బొమ్మలు వేసి, శాతం ఎంతైతే అంతమందికి రంగు నింపాలి. "నూటికి ఇంతమంది" అనే కదా ఊళ్లో మాట్లాడుకునేది.

1920×1080 తెరలో అక్షరాలు 48 పిక్సెళ్లకు, గీతలు 4 పిక్సెళ్లకు తగ్గకూడదు. సన్న గీతలు కేబుల్ ప్రసారంలో మినుకుమంటాయి. కింది ఐదో వంతు స్క్రోలింగ్‌కు వదలాలి. యాంకర్ ఆ మాట అన్నాకే ఆ బాణం రావాలి, కనీసం 6 సెకన్లు నిలవాలి. అనుమానాలకు ఎరుపు మాత్రం వాడకండి, నేరం మోపినట్టుంటుంది.