కల్పిత గ్రహణాన్ని ఆకాశంలో నిలిపే ముందు తీసుకోవలసిన జాగ్రత్తలు

లేని లోకానికి ఒక గ్రహణాన్నో తోకచుక్కనో కల్పించి, దాని చుట్టూ ఒక జాతి ఆచారాలను అల్లి నవల రాయాలనుకునేవారు చాలావరకు దాని రంగుతోనూ వెలుగుతోనూ మొదలుపెడతారు. అంతకంటే ముందు తేల్చుకోవలసింది అది ఎన్నాళ్లకొకసారి వస్తుందన్నది. ఏటా వచ్చేది పండుగ అవుతుంది, మనిషి జీవితంలో ఒకటి రెండుసార్లు వచ్చేది తాతలు చెప్పే కథ అవుతుంది, పది తరాలకొకసారి వచ్చేది నమ్మేవారికీ నమ్మనివారికీ మధ్య తగవు అవుతుంది.

ఈ లెక్కలో తప్పు రాకుండా ఉండటానికి మన ఆకాశమే మంచి కొలబద్ద. సూర్యుడి వ్యాసం చంద్రుడి వ్యాసానికి సుమారు 400 రెట్లు, దూరం కూడా దాదాపు అన్ని రెట్లే కావడం వల్ల ఆ చిన్న బింబం ఈ పెద్ద బింబాన్ని సరిగ్గా కప్పగలుగుతోంది. చంద్రుడి కక్ష్య సుమారు 5 డిగ్రీలు వాలి ఉండటం వల్ల ప్రతి అమావాస్యకూ గ్రహణం పట్టదు. ఒకే ఊరికి సంపూర్ణ సూర్యగ్రహణం సగటున 375 ఏళ్లకొకసారి మాత్రమే దక్కుతుంది. ఒకే తీరు గ్రహణాలు 18 సంవత్సరాల 11 రోజుల 8 గంటలకు తిరిగి వస్తాయి గాని, చివరి 8 గంటల్లో భూమి మూడోవంతు తిరిగిపోతుంది కనుక నీడ వేరే దేశం మీద పడుతుంది. కథకు కావలసిన ముడి ఆ 8 గంటల్లోనే ఉంది: మీ లోకంలోని జ్యోతిష్కులు రోజు సరిగ్గానే చెప్పి, చోటు తప్పితే జనం వారిని ఏమంటారు? రెండు చందమామలను పెట్టేవారు మరింత మెలకువగా ఉండాలి. ఒకదాని నెల 20 రోజులు, రెండోదాని నెల 50 రోజులు అయితే వాటి అమావాస్యలు 100 రోజులకొకసారి కలుస్తాయి. రెండోదాన్ని 51 రోజులు చేస్తే 1,020 రోజులు ఆగాలి. ఆ ఒక్క రోజు తేడాతో మీరు మూడో అధ్యాయంలో పెట్టిన పండుగ ఇరవయ్యో అధ్యాయానికి జరిగిపోతుంది.

రాక తెలిశాక, ఆ సంగతి ముందుగా ఎవరికి తెలుసునో నిర్ణయించాలి. ప్రాచీన మెసొపొటేమియాలో గ్రహణం రాజుకు కీడని శకునం పలికినప్పుడు మరొకణ్ణి కొంతకాలం సింహాసనం మీద కూర్చోబెట్టి, ఆ కీడు అతని మీద పోయేలా చివరికి చంపేవారు. భయం అందరిదీ, పంచాంగం కొందరిదీ అయినప్పుడు ఎవరికి లాభమో అక్కడ కనిపిస్తుంది.

ఆచారాల దగ్గర ఎక్కువమంది జారిపడతారు. కొండమీద హోమాలు, మహామంత్రాలు రాస్తారు గాని వంటింటిని మరచిపోతారు. మన ఇళ్లలో గ్రహణమంటే ఊరగాయ జాడీ మీదా నీళ్ల బిందె మీదా వేసిన దర్భపోచ, పళ్లెంలో నీళ్లు పోసి నిలబెట్టిన రోకలి, పట్టుస్నానం, విడుపుస్నానం. చాలా ఆలయాలు తలుపులు మూస్తే, రాహుకేతు క్షేత్రమైన శ్రీకాళహస్తి మాత్రం తెరిచే ఉంటుంది. నియమానికి అలాంటి మినహాయింపు ఒక్కటైనా లేని సంస్కృతి అట్టబొమ్మలా ఉంటుంది. ఆ సంఘటన భాషలోకీ ఇంకాలి. ఆగిపోయిన పనికి గ్రహణం పట్టిందని మనం ఆకాశం వంక చూడకుండానే అంటాం. మీ జాతి అలా ఏమంటుందో ఆలోచించకుండా పేర్లు మాత్రం కల్పించడం వృథా శ్రమ.

కారణం తెలియగానే ఆచారం మాయమైనట్టు రాయడం మరో పొరపాటు. చంద్రుడు సూర్యుణ్ణి, భూమి నీడ చంద్రుణ్ణి కప్పడమే గ్రహణమని ఆర్యభటుడు 499లోనే చెప్పినా రాహువు కథ చెక్కుచెదరలేదు. 1980 ఫిబ్రవరి 16న హైదరాబాద్ సమీపంలోని జపాల్-రంగాపూర్ వేధశాలలో శాస్త్రవేత్తలు సంపూర్ణ గ్రహణాన్ని పరిశీలిస్తున్న వేళ ఎందరో తలుపులు వేసుకొని ఇళ్లలోనే ఉన్నారు. పైగా శాస్త్రమూ భయాన్ని పుట్టించగలదు. 1910లో హేలీ తోకచుక్క తోకలో సయనోజెన్ అనే విషవాయువు ఉందని తెలిశాక పాశ్చాత్య నగరాల్లో కొందరు దానికి విరుగుడు మాత్రలంటూ అమ్ముకున్నారు. అదే ఏడాది గురజాడ ముత్యాల సరాలలో ఆ తోకచుక్కను భూమిని చూడవచ్చిన దూరపు బంధువుగా చూపించారు. ఒకే చుక్కకు ఇన్ని చూపులుండగా, మీ కల్పిత జాతి అంతా ఒకే మాట మీద నిలబడితే పాఠకుడు నమ్మడు.

చివరగా, పాఠకుడికి నిజంగా హాని చేయగల రెండు చోట్లు ఉన్నాయి. బిడ్డ పెదవి చీలికతో పుడితే దాన్ని మన భాష గ్రహణం మొర్రి అంటుంది. దానికీ గ్రహణానికీ సంబంధం లేకపోయినా, గర్భిణిగా ఉండి బయటికి వెళ్లిందన్న నింద తల్లి మోస్తుంది. మీ లోకంలో అలాంటి నమ్మకాన్ని పెడితే కథ దాన్ని నిజం చేయకుండా, ఆ తల్లి మాట కూడా వినిపించండి. రెండోది కళ్లకు సంబంధించినది. నాయకుడు పాక్షిక గ్రహణాన్ని కన్నార్పకుండా చూసి దివ్యదృష్టి పొందినట్టు రాయకండి. రెటీనాకు నొప్పి తెలియదు కనుక కాలిన సంగతి చూపు మసకబారాకే బయటపడుతుంది. మసిపట్టిన గాజు, ఎక్స్‌రే ఫిల్మ్, పళ్లెంలోని నీటి ప్రతిబింబం, ఇవేవీ రక్షణ కావు. సూర్యబింబం పూర్తిగా మరుగైన కొద్ది నిమిషాలు మాత్రమే వట్టి కంటితో చూడవచ్చు. ఆ దృశ్యం మీకు తప్పనిసరైతే దాన్ని ఆ నిమిషాలకే పరిమితం చేయండి, లేదా చంద్రగ్రహణానికి మార్చండి.