ఇంగ్లండ్ రగ్బీ లీగ్ ప్లేయర్ కెరీర్ ని చదవడం ఎలా – మన పర్లాకిమిడి, గుణుపురం కుర్రోళ్ళ కోసం

మన వైపు, అంటే పర్లాకిమిడి, కాశీనగర్, గుణుపురం, రాయగడ, ఇటు బరంపురం దాకా రగ్బీ పేరు ఎక్కువ వినబడుతోంది ఈమధ్య, భువనేశ్వర్ లో గిరిజన పిల్లలు చదివే కిస్ స్కూలు పిల్లలు 2007లో లండన్ వెళ్ళి అండర్-14 కప్పు కొట్టుకొచ్చారు, తర్వాత ఒడిశా ప్రభుత్వమే ఇండియా టీములకి స్పాన్సర్ గా నిలబడింది, బానే ఉంది. కానీ మన కుర్రోళ్ళు ఆడేది రగ్బీ యూనియన్, ఎక్కువగా అందులో ఏడుగురి ఆట. యూట్యూబ్ లో మాత్రం విగాన్, లీడ్స్, సెయింట్ హెలెన్స్ లాంటి ఇంగ్లండ్ క్లబ్బుల వీడియోలు వచ్చి పడతాయి, అది రగ్బీ లీగ్, వేరే ఆట. ఆ వీడియో చూసి ప్లేయర్ పేరు వెతికి, ఆ అంకెల పట్టిక చూసి ఏటేటో అనీసుకుంటున్నారు. అందుకని ఒక లీగ్ ఆటగాడి కెరీర్ ముందు పెట్టుకుంటే ఎక్కడ మొదలెట్టి ఎలా చదవాలో నాకు తెలిసినంత రాస్తున్నా.

ముందు సంవత్సరాలు చూడండి, క్లబ్ పేర్లు తర్వాత. ఎందుకంటే ఈ ఆటలో 1895, 1995 ఈ రెండూ పెద్ద గీతలు. ఉత్తర ఇంగ్లండ్ లో బొగ్గు గనుల్లో, మిల్లుల్లో పనిచేసేవాళ్ళు శనివారం మ్యాచ్ ఆడితే ఆ పూట కూలి పోయేది, ఆ పోయిన కూలి ఇస్తాం అని క్లబ్బులు అడిగితే లండన్ లో ఆట నడిపే పెద్దలు కుదరదన్నారు, దాంతో 1895 ఆగస్టు 29న హడర్స్‌ఫీల్డ్ లో జార్జ్ హోటల్ లో కూర్చుని ఉత్తరం క్లబ్బులు విడిపోయాయి. 1906లో జట్టుకి పదిహేను మందిని పదమూడు చేసుకున్నారు. ఆ కోపం ఎంతుందంటే లీగ్ లోకి వెళ్ళి డబ్బు తీసుకున్నవాడిని యూనియన్ వాళ్ళు జీవితాంతం వెలేసేవారు, 1995లో యూనియన్ కూడా డబ్బులాట అయ్యేదాకా ఇదే తంతు. కాబట్టి పాత ఆటగాడి కెరీర్ లో యూనియన్ నుంచి లీగ్ కి వచ్చినట్టు ఉంటే ఇంక వెనక్కి దారి లేదని తెలిసే వచ్చాడని అర్థం. 1995 తర్వాత వాళ్ళకి అలా కాదు, జేసన్ రాబిన్సన్ విగాన్ లో లీగ్ ఆడి యూనియన్ కి వెళ్ళి 2003 వరల్డ్ కప్ ఫైనల్ లో ఇంగ్లండ్ కి ట్రై కొట్టాడు (ట్రై అంటే బంతిని అవతలి వాళ్ళ చివరి గీత దాటించి నేలకి ఆనించడం), సామ్ బర్జెస్ యూనియన్ కి వెళ్ళి ఏడాదికే లీగ్ కి తిరిగొచ్చీసాడు.

ఇంకో చిన్న చిక్కు. 1994–95 అని రెండేళ్ళు రాసుంటే అది ఒక్క సీజనే, చలికాలంలో ఆడేవారు. 1996లో సూపర్ లీగ్, అంటే అక్కడి పై డివిజన్, పెట్టాక వేసవికి మార్చారు, అక్కడ్నుంచి ఒకే సంవత్సరం రాస్తారు. ఇది తెలియకపోతే లెక్క తప్పీసి పన్నెండేళ్ళు ఆడినవాడిని ఇరవై ఏళ్ళు ఆడాడనుకుంటాం.

ఇప్పుడు ఆట. మనకి కబడ్డీ తెలుసు కదా, అదే బుర్రతో చూస్తే లీగ్ తొందరగా ఎక్కుతుంది, ఒకడు బంతి పట్టుకుని దూసుకొస్తాడు, ముగ్గురు కలిసి పడేస్తారు, లేచి మళ్ళీ మొదలు. పడ్డవాడు లేచి బంతిని నేల మీద పెట్టి కాలితో వెనక్కి తోస్తాడు, ఎదుటి టీమ్ పది మీటర్లు వెనక్కి జరగాలి. ఇలా ఆరు సార్లు పట్టుబడితే బంతి అవతలి వాళ్ళకి పోతుంది, అందుకే అయిదో ట్యాకిల్ అయ్యాక బంతిని తంతారు. ఈ ఆరు లెక్క 1972 నుంచి, దానికి ముందు 1966 నుంచి నాలుగు, అంతకు ముందైతే లెక్కే లేదు. ఇదంతా ఎందుకు చెప్తున్నానంటే ఈ ఆరింట్లో మొదటి రెండు మూడు ఎవరు మోస్తారు, చివర్న ఎవరు తంతారు అన్నదే ఆటగాడి అంకెల్ని తేల్చేది.

అందుకని సంవత్సరాల తర్వాత పొజిషన్ చూడండి. 1 ఫుల్‌బ్యాక్, 2, 5 వింగర్లు, 3, 4 సెంటర్లు, 6, 7 హాఫ్‌లు అంటే ఆట నడిపేవాళ్ళు, 8, 10 ప్రాప్‌లు, 9 హుకర్ అంటే కాలితో వెనక్కి తోసిన బంతిని అందుకుని పంచేవాడు, 11, 12 సెకండ్ రో, 13 లూజ్ ఫార్వర్డ్. సూపర్ లీగ్ లో చొక్కా నంబరు సీజన్ అంతటికీ ఇచ్చీస్తారు కాబట్టి 22 నంబర్ వాడు కూడా వింగ్ ఆడుతుండొచ్చు, నంబర్ చూసి మోసపోకండి.

మా బామ్మర్ది ఒకడు గుణుపురంలో చదువుతూ కాలేజీలో రగ్బీ ఆడతాడు, ఒక ప్రాప్ పేజీ తీసి ఫోన్ నా ముందు పెట్టాడు.

"ఏటి బావా, రెండొందల మ్యాచ్‌లాడి పన్నెండు ట్రైలేనా? ఈడికి జీతం ఎందుకిస్తన్నారు?"

"ఈడి పని ట్రై కొట్టడం కాదురా, మొదటి ట్యాకిల్, రెండో ట్యాకిల్ లో వంద కేజీల పైనున్న ఇద్దరు ముగ్గుర్ని గుద్దుకుని పది మీటర్లు ముందుకి మోసుకెళ్ళడం. ట్రై కొట్టే వింగర్ కి ఆ చోటు దొరికేది ఈడి వల్లే."

ప్రాప్ కి చూడాల్సింది మ్యాచ్‌లెన్ని, ఎన్నేళ్ళు, మధ్యలో ఖాళీలెన్ని, అంతే. వింగర్ కి ట్రైలు చూడండి. హాఫ్ కైతే ట్రైల కన్నా టీమ్ ఏం గెలిచిందో చూడండి. హుకర్ కి మ్యాచ్‌ల సంఖ్యే అన్నీ చెప్పీస్తుంది, జేమ్స్ రోబీ సెయింట్ హెలెన్స్ ఒక్క క్లబ్ కే 2004 నుంచి 2023 దాకా ఆడి 500 మ్యాచ్‌లు దాటించాడు, ప్రతి మ్యాచ్ లో పదుల కొద్దీ ట్యాకిల్స్ చేసే పొజిషన్ లో అది మామూలు విషయం కాదు.

పట్టికలో నిలువు వరసలు ఇలా ఉంటాయి: మ్యాచ్‌లు, ట్రైలు, గోల్స్, డ్రాప్ గోల్స్, పాయింట్లు. గోల్ అంటే నేల మీద పెట్టిన బంతిని గోల్ కర్రల మధ్య నుంచి తన్నడం, డ్రాప్ గోల్ అంటే ఆట నడుస్తుండగా బంతిని నేలకి జారవిడిచి అలా తన్నడం. ట్రైకి 4, గోల్ కి 2, డ్రాప్ గోల్ కి 1. ఒకడు 20 ట్రైలు, 50 గోల్స్, 2 డ్రాప్ గోల్స్ కొట్టాడంటే 80, 100, 2 మొత్తం 182. ఇంగ్లండ్ లో 1983కి ముందు ట్రైకి 3 పాయింట్లే, అందుకే పాత వాళ్ళ లెక్క మీ చేతికి కలవకపోతే పట్టిక తప్పనుకోవద్దు. కెవిన్ సిన్‌ఫీల్డ్ లీడ్స్ కి దాదాపు 4 వేల పాయింట్లు చేశాడు, అందులో ఎక్కువ భాగం కాలితో తన్నినవే, కాబట్టి పాయింట్లు చూసి ఎవడు గొప్ప అని పందేలు వేసుకోకండి. కొన్ని చోట్ల 180+45 అని ఉంటుంది, అంటే 180 మ్యాచ్‌లు మొదట్నుంచీ ఆడాడు, 45 సార్లు బెంచ్ మీద నుంచి దిగాడు. నాకైతే పట్టిక మొత్తంలో ఈ ప్లస్ గుర్తే ఇష్టం, కెరీర్ ఎటు పోతోందో అది చెప్పినంత ఇంకేదీ చెప్పదు.

రాబ్ బరో ని తీసుకోండి. 2001 నుంచి 2017 దాకా లీడ్స్ రైనోస్ ఒక్కటే క్లబ్, 492 మ్యాచ్‌లు, ఎత్తు అయిదడుగుల అయిదు అంగుళాలు, మన వీధిలో నిలబెడితే ఎవరూ రగ్బీ ప్లేయర్ అనుకోరు. మొదట్లో హాఫ్ గా ఆడాడు, తర్వాత్తర్వాత హుకర్ గా, బెంచ్ నుంచి దిగడం ఎక్కువైంది. పైపైన చూస్తే కిందకి పడిపోయినట్టే ఉంటుంది. కానీ 2011 గ్రాండ్ ఫైనల్ లో, అంటే సీజన్ విజేతని తేల్చే ఆఖరి మ్యాచ్ లో, సెయింట్ హెలెన్స్ మీద అలాగే బెంచ్ నుంచి దిగి, ఎదురుగా వచ్చిన పెద్ద ఫార్వర్డ్ చెయ్యి కింద నుంచి వంగి దూరిపోయి పరిగెత్తి ట్రై కొట్టాడు, లీడ్స్ 32–16తో గెలిచింది, మ్యాన్ ఆఫ్ ది మ్యాచ్ కి ఇచ్చే హ్యారీ సండర్‌ల్యాండ్ ట్రోఫీకి ఓటేసిన వాళ్ళంతా ఆయన పేరే రాశారు. అవతలి ఫార్వర్డ్స్ అలిసిపోయాక చిన్నవాడిని దింపడం కోచ్ వేసిన ఎత్తు, శిక్ష కాదు. మొత్తం ఎనిమిది గ్రాండ్ ఫైనల్స్ గెలిచాడు. 2019 చివర్లో మోటార్ న్యూరాన్ జబ్బని తేలింది, 2024 జూన్ లో పోయాడు. ఆయన కోసం విరాళాలు పోగేస్తూ పరుగులు తీసింది పైన చెప్పిన సిన్‌ఫీల్డే, ఇద్దరిదీ ఒకే టీమ్.

లోన్ (కొన్నాళ్ళు వేరే క్లబ్ కి పంపడం), డ్యూయల్ రిజిస్ట్రేషన్ (ఒకేసారి రెండు క్లబ్బుల్లో పేరుండడం) అని కనిపిస్తే వీడిని తోసేశారని అనుకోవద్దు. అక్కడ పిల్లలు ఊరి క్లబ్ లో మొదలెడతారు, పదిహేను పదహారు ఏళ్ళకి పెద్ద క్లబ్ స్కాలర్‌షిప్, తర్వాత అకాడమీ, రిజర్వ్, అప్పుడు మొదటి టీమ్. సిన్‌ఫీల్డ్ లాగ 16 ఏళ్ళకే మొదటి టీమ్ లోకి వచ్చేవాళ్ళు అరుదు. మిగతా వాళ్ళని కింది డివిజన్ క్లబ్ కి పంపించి గట్టి మనుషుల మధ్య ఆడిస్తారు, డ్యూయల్ రిజిస్ట్రేషన్ అయితే ఈ వారం ఇక్కడ, వచ్చే వారం అక్కడ ఆడొచ్చు. ఇరవై రెండు లోపు లోన్ మంచిదే. ఇరవై ఎనిమిది దాటాక ఏడాదికో లోన్ అంటే మాత్రం ఆలోచించాలి.

ఒక సీజన్ లో మూడు నాలుగు మ్యాచ్‌లే ఉన్నా, అసలు లేకపోయినా మోకాలు పోయిందేమో, సస్పెండ్ అయ్యాడేమో, తలకి దెబ్బ తగిలిందేమో వెతకండి. తల దెబ్బల వల్ల ముందుగానే మానేసిన వాళ్ళు ఉన్నారు, దాన్ని తేలిగ్గా తీసుకోవద్దు, మన గ్రౌండ్ లో కూడా.

డబ్బు సంగతి. క్రికెట్ బుర్రతో చూడకండి, సూపర్ లీగ్ లో క్లబ్బులకి సాలరీ క్యాప్ ఉంది, మొత్తం స్క్వాడ్ జీతాలకి 20 లక్షల పౌండ్ల పైచిలుకు, కొద్దిమంది మార్కీ ప్లేయర్లకి, అంటే పెద్ద స్టార్లకి, మాత్రం వెసులుబాటు. అందుకే బాగా ఆడేవాడు ఆస్ట్రేలియాలో పెద్ద లీగ్ అయిన ఎన్ఆర్ఎల్ కి వెళ్ళిపోతాడు, అది దిగజారడం కాదు, పైకెళ్ళడం. సామ్ బర్జెస్ 2014లో సౌత్ సిడ్నీకి గ్రాండ్ ఫైనల్ మొదట్లోనే చెంప ఎముక విరిగినా చివరిదాకా ఆడి ప్లేయర్ ఆఫ్ ది మ్యాచ్ కొట్టింది అక్కడే. కింద చాంపియన్‌షిప్ లో చాలామంది పార్ట్ టైమ్, పగలు వేరే ఉద్యోగం, సాయంత్రం ప్రాక్టీస్. టెస్టిమోనియల్ అని ఉంటే ఒకే క్లబ్ లో పదేళ్ళు నిలబడినవాడికి ఇచ్చే గౌరవం, ఒక ఏడాదంతా మ్యాచ్, విందులు పెట్టి వచ్చిన డబ్బు ఆయనకిస్తారు.

జాతీయ జట్టు దగ్గర రెండు పేర్లుంటాయి. 2007 దాకా పెద్ద టెస్టులు ఎక్కువగా గ్రేట్ బ్రిటన్ పేరుతో, తర్వాత నుంచి ఎక్కువగా ఇంగ్లండ్ పేరుతో, రెండూ కలిపి చూసుకోండి. 2021 వరల్డ్ కప్ ఆడింది 2022లో, కోవిడ్ వల్ల. అవార్డుల్లో మ్యాన్ ఆఫ్ స్టీల్ అంటే ఏడాది మొత్తానికి, లాన్స్ టాడ్ అంటే చాలెంజ్ కప్ (అక్కడి నాకౌట్ కప్పు) ఫైనల్ కి. మిగతావి వదిలీయండి.

ఇక చూడటం. వేసవిలో అక్కడి టైమ్ కి మనం నాలుగున్నర గంటలు కలపాలి, శుక్రవారం రాత్రి 8కి మ్యాచ్ అంటే మనకి 12:30, పొద్దున్న పనికెళ్ళేవాళ్ళకి కష్టం, ఫిబ్రవరి మార్చిలో అయితే ఇంకో గంట ఆలస్యం. శనివారం మధ్యాహ్నం 3కి ఉండే మ్యాచ్ మనకి ఏడున్నరకి పడుతుంది, దాన్ని పట్టుకోండి. ఒక్క ప్లేయర్ నే ఎంచుకోండి, వీలైతే ప్రాప్ ని, బంతి ఎక్కడున్నా కళ్ళు ఆయన మీదే ఉంచి ఇరవై నిమిషాలు చూడండి, హాఫ్ టైమ్ లో ఆయన పేజీ తెరవండి.